మొద్దు మీద పసుపు

జమున వేలు పెట్టడం వజ్రమ్మ ఒక్కతే చూసింది.

అప్పటికింకా నల్లా నీళ్లు రాలేదు. నూలుకు గంజి పట్టించే, ఇప్పుడు మూతపడ్డ సైజింగ్ షెడ్డు గోడ పక్కన, రెండు వానాకాలాల కింద గాలికి కూలిన మామిడిచెట్టు బోదె ఒకటి పడి ఉంది. కొమ్మలు ఎవరికందినవి వాళ్లు విరుచుకుపోయారు గానీ బోదె మాత్రం ఎవరి వల్లా కదలలేదు. కదలకపోవడమే మంచిదైంది. లింబాయత్‌లోని ఆ సిరిసిల్ల వలసవాళ్ల గల్లీలో మగవాళ్లంతా మరమగ్గాల మీదికి పోయాక, ఆడవాళ్లు చీరల కట్టలు తెచ్చుకుని దాని మీదే వరసగా కూర్చుని అంచులకు మెరుపు రాళ్లంటిస్తారు. కూర్చుని కూర్చుని పైభాగం నున్నబడింది. కింద, నేలకానిన వైపు మాత్రం బెరడు మెత్తబడి, గోటితో గీరితే తడి పిండిలా రాలుతుంది.

ఆ బెరడు మీద ఆ పొద్దున పసుపు ఉంది. ఎవరో గిన్నెడు పసుపు చిక్కగా కలిపి ఒంపేసి పోయినట్టు, అరచెయ్యంత మేర పరుచుకుని నడుమ బుసబుస పొంగి ఉంది. బిందె చంకన పెట్టుకుని వస్తున్న జమున దాన్ని దాటిపోబోయి, వెనక్కి వచ్చి గొంతుకూర్చుంది. తల అటు వంచి, ఇటు వంచి చూసింది. తర్వాత చూపుడువేలు మెల్లగా, నిద్రపోయే పిల్ల బుగ్గకు ఆనించినట్టు ఆనించింది.

"అత్తా, ఇటు దేఖో! పసుపు కాదిది. చల్లగున్నది, మలాయి లెక్క. వాసన గూడ లేదు."

"వేలు తియ్యి ముందు," అంది వజ్రమ్మ. "ఎవలు ఏం బెట్టి పోయిన్రో. పో, చెయ్యి కడుక్కో."

కోడలు లేచి నల్లా వైపు పోయింది. వజ్రమ్మ కూడా పోయేదే. కానీ కాలు కదల్లేదు. ముప్పై ఏళ్లుగా బతుకమ్మ తొమ్మిది రోజులూ గల్లీ అంతటికీ పసుపు గౌరమ్మను చేసే చెయ్యి ఆమెది. పసుపు ఎన్ని నీళ్లకు జారుతుందో, ఎన్నింటికి పగులుతుందో ఆ చేతికి తెలుసు. ఇది పసుపు కాదు. మరేమిటి?

అంతలో హారతి వచ్చింది. మగ్గాల బీములకు పడుగు నూలు చుట్టే రాజమౌళి భార్య. గల్లీలో ఆమె గొంతు లేవకుండా ఏ పనీ మొదలుకాదు. వచ్చింది, చూసింది, చేతిలోని రెండు బిందెలూ దభీమని కింద పెట్టింది.

"అయ్యో నా తల్లీ! గౌరమ్మ! మూడొద్దుల నుంచి ఆడుతున్నం గద, సూడ వచ్చినట్టున్నది. ఓ వజ్రమ్మక్కా, నువ్వు చెయ్యకుంటనే వచ్చి కూసున్నది చూడు!"

ఆ మాటతో చుట్టుపక్కల తలుపులన్నీ తెరుచుకున్నాయి. బతుకమ్మ రోజుల్లో పసుపు ముద్ద కనబడితే ఆ ఆడవాళ్ల చేతులు వాటంతటవే జోడవుతాయి. ఎవరో కుంకుమ తెచ్చారు. ఎవరో అగరొత్తులు బెరడు పగుల్లో గుచ్చారు. రాళ్ల పని ఆ రోజు మొద్దు మీద కాక, దానికి ఎదురుగా, నేల మీద గోనెలు పరుచుకుని సాగింది.

వేలు సంగతి వజ్రమ్మ ఎవరికీ చెప్పలేదు. చెప్పేది కాదు. జమున గంజాం నుంచి వచ్చిన ఒడియా వాళ్ల పిల్ల. కిమ్ దగ్గర మగ్గాల షెడ్డులో పని చేసే కొడుకు నరహరి తనకు తానే చూసుకుని చేసుకున్నాడు. నిరుడు బతుకమ్మకు ఎవరూ రమ్మనకపోతే నల్లా దగ్గర నిలబడి చూసింది. ఈసారి ఆఖరి రోజు, సద్దుల నాడు వలయంలోకి రానిస్తామని ఆడవాళ్ల చేత అనిపించడానికి వజ్రమ్మకు ఎండాకాలం నుంచి పట్టింది. హారతి అందరికంటే చివర ఒప్పుకుంది. ఇప్పుడు వేలు మాట పొక్కితే ఆ ఒప్పుకోలు ఎంతసేపు నిలుస్తుంది?

పని చేస్తూనే వజ్రమ్మ మొద్దు వైపు చూస్తోంది. జిగురు గొట్టం నొక్కి, చీర మీది పువ్వు నడుమ బొట్టు పెట్టి, దాని మీద రాయి ఆనించడం ఆమెకు చూడకుండానే వచ్చు. ఆ ముద్ద అంచు పొద్దున ఉన్నచోట లేదనిపించింది. భ్రమేమో అనుకుంది. అందరూ టీలకు లేచినప్పుడు, సరిగ్గా దాని అంచు ముందర బెరడు మీద ఒక ఎర్రరాయి అంటించి వచ్చింది. నాలుగు చీరలు మడతపెట్టి చూసేసరికి రాయి లేదు. అంటే ఉంది, పసుపు కింద. లోపలి నుంచి ఎర్రగా కనబడుతోంది.

వజ్రమ్మ చేతిలోని చీర ఒళ్లో వదిలేసింది. భయం కాదు. చిన్నప్పుడు సిరిసిల్లలో చింతపిక్క నానబెట్టి, పొద్దున లేచి అది నోరు తెరిచి ఉండటం చూసినప్పుడు ఇట్లాగే అయింది.

సాయంత్రం ఆడవాళ్లంతా పూలు పేర్చుకునే తొందరలో ఉండగా ఆమె కూరగాయల కత్తితో మొద్దు దగ్గరికి పోయింది. చుట్టూ చూసింది. ముద్ద పక్కనుంచి, బెరడు పెచ్చుతో సహా, ఇంత తునక కోసింది. కొంగు కింద పెట్టుకుని ఇంటికి తెచ్చి, దొడ్లో బట్టలుతికే బండ వెనకాల తడి గోనె మడత మీద పెట్టి, వెదురు గంప బోర్లించింది. కోడిపెట్టను కమ్మినట్టు.

"ఏందది?" అన్నాడు భర్త నరసింహులు. సలాబత్‌పురాలో పన్నెండు గంటల పాళీ దిగి వచ్చి కాళ్లు కడుక్కుంటున్నాడు.

"ఏం లేదు. పుండికూర ఇత్తులు."

"గంప కింద మొలుస్తయా?"

"మొలిచినప్పుడు చూద్దువు గని, బువ్వ తిందువు రా."

*

మరునాడు ఇందుజ మేడం వచ్చింది. ఉధ్నా రైల్వే క్వార్టర్స్‌లో ఉంటుంది, రాజమండ్రి వైపు మనిషి. భర్తకు రైల్వేలో ఉద్యోగం, తనకు కాలేజీలో వృక్షశాస్త్రం చెప్పే పని. తెలుగు పాట వినాలని మనసు గుంజి, ప్రతి ఏడూ ఒక రోజు ఈ గల్లీకి వచ్చి ఆడి పోతుంది.

హారతి ఆమెను చెయ్యి పట్టుకుని మొద్దు దగ్గరికి తీసుకుపోయింది. ఇందుజ చూడగానే మోకాళ్ల మీద కూలబడింది. చీరకు బురదంటుతుందన్న ధ్యాస కూడా లేదు. చేతిసంచిలోంచి మడత భూతద్దం తీసింది.

"ఎంత బాగుందో! ఎన్నేళ్లయిందమ్మా ఇంత పెద్దది చూసి. డుమస్ దగ్గర సరుగుడు తోపుల్లో వెతికీ వెతికీ వదిలేశాను. ఇది ఇక్కడ కూర్చుందా!"

"చూసిండ్రా, మేడం గూడ ఎట్ల సంబురపడుతున్నదో," అంది హారతి అందరి వైపు తిరిగి. "గౌరమ్మనే గద మేడం?"

ఇందుజ కుంకుమ వైపూ, అగరొత్తుల వైపూ చూసి కాస్త తడబడింది. "మా కాలేజీలో అయితే దీన్ని జిగురు బూజు అంటామండీ. పేరుకు బూజే గానీ నిజానికి బూజు కాదు."

"మరి మొలక?" అంది వజ్రమ్మ ముందుకు వచ్చి.

"మొలకా కాదమ్మా. ఆకు లేదు, వేరు లేదు, ఎండ తిని బతకదు. పుట్టగొడుగనుకున్నారు చాలాకాలం, విత్తనం లాంటి పొడితో పుడుతుంది కదా అని. కానీ పుట్టగొడుగు నడవదు, ఇది నడుస్తుంది. పుచ్చిన కర్ర మీది సూక్ష్మక్రిముల్ని చుట్టేసుకుని మింగుతుంది. అందుకని ఒక పెద్దమనిషి దీన్ని జంతువుల్లో కలిపాడు. జంతువులవాళ్లు మాకొద్దన్నారు. ఇప్పుడు అమీబాలని, కంటికి కనపడని జీవులుంటాయి, వాటి పక్కన కూర్చోబెట్టారు. అక్కడైనా నిలకడగా ఉంచుతారో లేదో మరి."

"పాపం, ఇన్ని ఇండ్లు తిప్పిన్రా," అంది ఎవరో. ఆడవాళ్లు నవ్వారు. జమున చీరల కట్ట నెత్తిన పెట్టుకుని వెనకాల నిలబడి ఉంది. ఆమె నవ్వలేదు. వింటోంది.

"ఎవల దగ్గర కూసోబెడితే దానికేంది మేడం? అది తినుడు తింటనే ఉంటది గద," అంది వజ్రమ్మ.

"అదేనమ్మా! దానికి మన గొడవతో పనేముంది? పడిన చెట్టు మట్టిలో కలవాలంటే ఇలాంటివి వందరకాలు పని చెయ్యాలి. రండి, ఇటు చూడండి." ఇందుజ భూతద్దం ఆమె చేతికిచ్చింది. "అంచున, పలచగా ఉన్నచోట చూడండి. ఈనెల్లా ఉన్నాయే, వాటి లోపల."

వజ్రమ్మ ఒక కన్ను మూసింది. మొదట పసుపు మబ్బు తప్ప ఏమీ కనబడలేదు. తర్వాత ఒక సన్నని ఈనె తేటపడింది. దాని లోపల ఏదో పారుతోంది. చిన్నచిన్న నలుసులు అటు పోయాయి, నెమ్మదించాయి, ఆగాయి. మళ్లీ ఇటు వచ్చాయి.

"నాడె!" అంది వజ్రమ్మ గట్టిగా. "ఓ పిల్లా జమునా, ఇటు రా! మగ్గంల నాడె ఆడినట్టు అటొకసారి, ఇటొకసారి ఆడుతున్నది!"

జమున కట్ట దించి వచ్చింది. అత్తాకోడళ్లు ఒకరి తర్వాత ఒకరు, మళ్లీ ఒకరి తర్వాత ఒకరు చూశారు. జమున చూస్తున్నప్పుడు ఊపిరి బిగబట్టింది.

"మేడం," అంది వజ్రమ్మ గొంతు తగ్గించి, "దీన్ని కత్తితోని కోస్తే సస్తదా?"

"చావదు. లోపల గదులూ గోడలూ లేవు దీనికి, అంతా ఒక్కటే ఒళ్లు. కోస్తే రెండూ బతుకుతాయి. దగ్గర పెడితే మళ్లీ కలిసిపోతాయి. ఎందుకమ్మా?"

"ఊకెనే."

ఇందుజ ఇంకా చెప్పేదేమో గానీ హారతికి ఓపిక పోయింది. "మీ కాలేజీల అది బూజే ఉండనీ మేడం. మా గల్లీల గౌరమ్మ. పట్టుండ్రి, పాటందుకుందాం," అని ఆమెను లేవదీసింది.

ఆ రాత్రి చీకట్లో కుదరక, మర్నాడు వెలుతురొచ్చాకే వజ్రమ్మ గంప ఎత్తింది. తునక బెరడు దిగి గోనె మీదికి వచ్చింది. విసనకర్రలా విప్పుకుని, పాసిపోయిన జొన్నరొట్టె ముక్క ఒకటి అక్కడుంటే, దాని మీదికి సగం ఎక్కింది. బూజు పట్టిన వైపే ఎక్కింది. రెండో వైపు వదిలేసింది.

"నీ నోటికి రుచి గూడ తెలుసా," అంది వజ్రమ్మ దానితో.

ఆ పూటే దీపావళి చీరల ఆర్డరు వచ్చి పడింది. సేఠు మనిషి టెంపో నుంచి కట్టలు దించి, రేపటికల్లా కావాలని తలబాదుకుని పోయాడు. ఇంటిల్లిపాదీ కళ్లు పోయేలా రాళ్లంటించారు. జమున చెయ్యి అత్త చేతికంటే చురుకు. జిగురు ఆరకముందే మూడు రాళ్లు ఒకే ఊపులో దింపుతుంది. గంప సంగతి వజ్రమ్మ మరిచింది.

*

ఆరో రోజు అలిగిన బతుకమ్మ. ఆ రోజు పూలు పేర్చరు, పాట పాడరు. గల్లీ ముంగిళ్లు వెలవెలబోయి ఉంటే పక్క వీధి గర్బా మైకు ఇంకా గట్టిగా వినబడింది. వజ్రమ్మ పూర్తయిన చీరలు లెక్కపెట్టి కట్టలు కడుతుండగా బయట కేక లేచింది. హారతి గొంతు.

మొద్దు చుట్టూ ఆడవాళ్లు మూగి ఉన్నారు. ముందురోజే దాని పసుపు వెలిసి, పైన సున్నం పెంకులాంటిది కట్టిందని ఎవరో చెప్పగా వజ్రమ్మ విన్నది. ఇప్పుడు ఆ పెంకు పగిలింది. లోపల పసుపు లేదు. కాటుకలో ఇటుకపొడి కలిపినట్టు నల్లటి ధూళి. గాలికి సన్నగా లేచి కుంకుమ మీద, కాలిన అగరొత్తుల మీద పడుతోంది.

"అలిగిన నాడే నల్లగైంది సూడుండ్రి," అంటోంది హారతి. ఆమె కళ్లలో నిజంగానే నీళ్లున్నాయి. "ఇంత చక్కని తల్లి బుగ్గిబుగ్గి అయింది. ఊకెనే గాదు. ఎవలో మైల చేసిండ్రు. ఎవలు ముట్టిండ్రో చెప్పుండ్రి. ఇప్పుడే చెప్పుండ్రి, సద్దుల నాటికి ఏదన్న శాంతి చేసుకుందాం."

ఆడవాళ్లు మొద్దుకు ఒక అడుగు దూరం జరిగారు. ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. వజ్రమ్మ చేతికి ఉన్నట్టుండి ఆ కత్తి బరువు తెలిసింది. కత్తి దిగినప్పుడు బెరడు చేసిన చప్పుడు చెవిలో పడింది. కోస్తే రెండూ బతుకుతాయని మేడం అంది. బతకలేదు కదా. నేనే. నా కత్తే.

"వజ్రమ్మక్కా, నీ ఇల్లే దగ్గర. నువ్వేమన్న చూసినవా?" హారతి చూపు ఆమె మీద ఆగింది. దాంతో అందరి చూపులూ ఆగాయి.

వజ్రమ్మ కత్తి సంగతే చెబుదామని నోరు తెరిచింది. వచ్చిన మాట మాత్రం ఆమె అనుకున్నది కాదు.

"మా జమున... ఇది కనబడ్డ నాడే జర వేలు పెట్టింది."

జమున అక్కడే ఉంది. కట్టలు మొయ్యడానికి అత్త వెనకే వచ్చి, రెండు చేతులూ కట్ట తాడులో పెట్టి నిలబడి ఉంది. అత్త వైపు చూసింది. ఏదో అనబోయి, ఏ భాషలో అనాలో తేలనట్టు పెదాలు కదిపి ఊరుకుంది. కట్ట నెత్తిన పెట్టుకుని టెంపో వైపు నడిచింది.

"నాకెర్కనే గది," అంది హారతి. "నేనన్న, మీరే ఇనలే. ఇగ సద్దుల నాడు ఆమె రావొద్దు. అక్కా, ఏమనుకోకు."

వజ్రమ్మ తల ఊపింది. ఆ ఊపినది తన తలేనా అనిపించింది.

ఇంట్లో మధ్యాహ్నం కోడలు ఎప్పటిలాగే వండింది. అత్తకు కంచం పెట్టింది. తను తినకుండా గుమ్మం దగ్గర కూర్చుని రాళ్ల డబ్బాలో రంగులు ఏరుతోంది. ఎర్రవి ఎర్రవాటిలో, పచ్చవి పచ్చవాటిలో, టక్కు టక్కుమని. తిట్టినా బాగుండేది. వజ్రమ్మకు ముద్ద దిగక, కంచంలో చెయ్యి కడిగి దొడ్లోకి పోయింది. అక్కడ గంప.

ఎత్తాలనిపించలేదు. ఎత్తకుండానూ ఉండలేకపోయింది.

రొట్టె ముక్క మీద, మొద్దు మీది దాని లాంటిదే, చిన్నది. సున్నం పెంకు. పుల్లతో పొడిచింది. పెంకు చిట్లింది. నల్లటి ధూళి.

వజ్రమ్మ బండ మీద కూర్చుండిపోయింది. దీన్ని జమున ముట్టలేదు. దొడ్లో ఇది ఉన్నదనే జమునకు తెలియదు. సరే, ఇది తను కోసింది. మరి మొద్దు మీద మిగిలిన దానికి కత్తి తగిలింది ఒక పక్కనే. అయినా అది మొత్తం ఒకే తీరున నల్లబడింది. ఇంట్లో ఉన్నదీ, గల్లీలో ఉన్నదీ, పూజలు తిన్నదీ, పాచిరొట్టె తిన్నదీ, రెండూ ఒకే పూట. ఎండిన తోటకూర కంకిని నలిపితే రాలినట్టు రాలుతోంది. ధూళిని రెండు వేళ్ల మధ్య తీసుకుని చూసింది. చావు వాసన లేదు. అసలు ఏ వాసనా లేదు. విత్తనం లాంటి పొడితో పుడుతుందని మేడం అన్నది అప్పుడు గుర్తొచ్చింది.

అలగలేదు ఇది. ఇత్తుకట్టింది.

"జమునా," అని పిలిచింది. మళ్లీ పిలిచింది.

జమున వచ్చి నిలబడింది. గంప కింద చూసింది. ఎంత కోపంగా ఉన్నా ఆ కళ్లు ముందు దాని మీదికే పోయాయి. వంగి, మెల్లగా ఊదింది. ధూళి పొగలా లేచి, ఎండపొడలో కాసేపు నిలిచి పోయింది.

"యే కబ్... ఇది ఎప్పుడు తెచ్చినవ్?"

"నువ్వు ముట్టిన నాడే. మాపటికి. కోసుకొచ్చిన."

"కోసినవా?" జమున లేచి నిలబడింది. "నేను వేలు పెట్టిన. నువ్వు కత్తి పెట్టినవ్. అయినా నా పేరు చెప్పినవ్."

"భయమైంది."

"నాకు భయం ఉండదా?"

వజ్రమ్మ ధూళి అంటిన వేళ్లు చాపి చూపింది. "కోసినందుకు కాదు బిడ్డా, దానంతటదే నల్లగైతది. చూసినవ్ గద, ఇది అదే గింజలు కట్టుకున్నది..."

"నాకు చూపెట్టి ఏం లాభం? నాకు ముందే తెలుసు, నేను చెయ్యలేదని. వాళ్లకు చూపెట్టు," అంది జమున. పోయి మళ్లీ రాళ్ల దగ్గర కూర్చుంది.

వాళ్లకు చూపెట్టడమంటే ఏమిటో వజ్రమ్మకు తెలుసు. ఏడో రోజు చూపెట్టలేదు. ఎనిమిదో రోజు గంప దాకా పోయి, కొంగుతో మొహం తుడుచుకుని వెనక్కి వచ్చింది. ఏడో నాటి బతుకమ్మకూ, ఎనిమిదో నాటి వెన్నముద్దల బతుకమ్మకూ గౌరమ్మను ఆమే చేసింది. రెండు రోజులూ చేస్తున్నప్పుడు చెయ్యి తనది కానట్టు ఉంది.

*

సద్దుల నాటి పొద్దున గల్లీ నిండా పూలే. రైలు పట్టాల పక్కన కోసుకొచ్చిన గునుగును రంగునీళ్లలో ముంచి ఆరబెట్టారు. మార్కెట్ నుంచి బంతిపూలు గోనెలకొద్దీ వచ్చాయి. తంగేడు మాత్రం దొరకలేదని ప్రతి ఏడూ అనుకున్నట్టే అనుకున్నారు. పెద్ద బతుకమ్మకు పునాది వరస పేరుస్తున్న హారతి, వజ్రమ్మ గంప పట్టుకుని రావడం చూసి, "పసుపు తెచ్చినవా అక్కా?" అంది.

వజ్రమ్మ, ఆ రొట్టె ముక్క పెట్టి తెచ్చిన గంపను నడుమ దించి, పైన కప్పిన గుడ్డ తీసింది.

"ఇది చూడుండ్రి. మొద్దు మీద కూసున్నదాంట్ల నుంచే మూడో నాడు నేను కత్తితోని కోసుకొచ్చిన. మా దొడ్లనే పెట్టిన. నా కోడలుకు తెల్వదు, ముట్టలే. ఇది గూడ అదే నాడు నల్లగైంది. దాని తీరే గది. పండుతది, పగులుతది, ఇత్తులు ఇసురుతది. వేలుకు కాదు, కత్తికి కాదు."

హారతి చేతిలోని బంతిపువ్వు పేర్చకుండానే కింద పెట్టింది.

తర్వాత ఒక్కసారిగా అందరూ మాట్లాడారు. "కోసినవా? గౌరమ్మనా?" "కత్తితోనా?" "కూరగాయల కత్తా? ఉల్లిగడ్డ కోసేదా?" "అమ్మో, ఈమె చేతి గౌరమ్మకా మనం ఇన్నొద్దులు మొక్కింది!" ధూళి చావు కాదని, గింజ అని వజ్రమ్మ రెండుసార్లు చెప్పబోయింది. విన్నవాళ్లు ఒకరిద్దరు. వాళ్లు గంప మీదికి వంగి ఊది చూశారు. మిగతావాళ్లకు కత్తి దగ్గరే చెవులు మూసుకుపోయాయి.

"ఎందుకు కోసినవ్ అక్కా?" అంది హారతి చివరకు. కోపం కంటే ఆశ్చర్యం ఎక్కువగా ఉంది ఆ గొంతులో. "నీకేం తక్కువైందని?"

"ఏందో తెలుసుకుందామని."

"తెలిసిందా?"

"కొంచెం."

హారతి పూలబుట్ట పక్కకు నెట్టి నడుం మీద చేతులు పెట్టుకుంది. "అయితే విను. నీ కోడలు తప్పు లేదంటున్నవ్, మంచిది. వేలు పెట్టినామె తప్పే పెద్దదైతే కత్తి పెట్టినామెది ఎంత పెద్దది? ఇయ్యాల గౌరమ్మను నువ్వు ముట్టొద్దు. వలయంలకు గూడ రావొద్దు."

"మంచిది," అంది వజ్రమ్మ.

"మా ఇంట్ల నేను చేసుకొస్త," అని హారతి లేవబోయింది.

"ఆగు హారతీ," అంది మూలన గునుగు కట్టలు కడుతున్న భాగీరథమ్మ. గల్లీలో అందరికంటే పెద్దది. "ఎంగిలిపూల నాడు ఏ ఇంట్ల గౌరమ్మ మొదలయితదో, సద్దుల దాంక ఆ ఇంట్లనే కావాలె. నడుమ ఇల్లు మారొద్దు. నీ పెండ్లయి వచ్చిన ఏడు నువ్వు మార్చుమంటే గీ వజ్రమ్మనే గద ఆ మాట పెట్టించింది? అందరం ఒప్పుకున్నం. నువ్వు గూడ ఒప్పుకున్నవ్."

"ఆ ఇంట్ల ఇంకెవలున్నరు?" అని హారతి విసురుగా అనేసింది. అన్నాక ఆగింది.

తలలన్నీ నెమ్మదిగా వజ్రమ్మ ఇంటి గుమ్మం వైపు తిరిగాయి. అక్కడ జమున చీరల కట్ట విప్పుతూ, విప్పడం ఆపి, చూస్తోంది.

హారతి వజ్రమ్మ మొహంలోకి చాలాసేపు చూసింది. "నువ్వు ఇది ఎర్కుండే వచ్చినవ్," అంది.

వజ్రమ్మ గంప మీద గుడ్డ సర్దుకుంటోంది. "నేను కత్తి సంగతి చెప్పనీకి వచ్చిన. ఇంకేం ఎర్కలేదు," అంది. ఆ మాట నిజమో కాదో ఆమె మొహం చూసి చెప్పడం కష్టం.

జమున వెంటనే రాలేదు. భాగీరథమ్మ పిలిస్తే రాలేదు. ఎవరో నవ్వుతూ పిలిచినా రాలేదు. చివరకు హారతి తానే లేచి గుమ్మం దగ్గరికి పోయింది.

"వస్తవా, రావా?"

"మూడొద్దుల కింద నువ్వే వద్దన్నవ్."

"అన్న. ఇప్పుడు రమ్మంటున్న. ఇంకేం అనాలె నన్ను? కాళ్లు మొక్కాలెనా?"

జమున చీరల కట్ట పక్కన పెట్టింది. "మొక్కొద్దు. నేర్పియ్యి," అంది. "ఆమె కాదు. నువ్వు."

పీట మీద హారతీ జమునా ఎదురెదురుగా కూర్చున్నారు. మొదటి ముద్ద జారిపోయింది. రెండోది పగిలింది. "నీళ్లు చేతికి అంటించుకో, పసుపుల పొయ్యకు. గట్ల కాదు. అరచేతుల తిప్పు. ఆఁ, గట్ల," అంటూ హారతి గాలిలో తన చేతులు తిప్పి చూపిస్తోంది. వజ్రమ్మ గోడ పక్కన నిలబడి, రెండు చేతులూ చంకల కింద బిగించుకుని చూసింది. మూడోసారి పసుపు నిలబడింది. కాస్త ఎడమవైపు ఒరిగింది గానీ నిలబడింది. జమున దాన్ని గుమ్మడాకు మీదికి దించి, నొసట బొట్టు పెట్టి, ఊపిరి వదిలింది.

పొద్దు వాలుతుండగా ఆట మొదలైంది. షెడ్డు ముందరి ఖాళీజాగా నిండిపోయింది. పక్క గల్లీల వాళ్లు కూడా వచ్చారు. అంతమంది విడిచిన చెప్పులకు కాపలా ఎవరుండాలన్న మాట వచ్చినప్పుడు, ఆడేందుకు వీల్లేని మనిషి ఒక్కతే ఉంది. వజ్రమ్మ చెప్పుల కుప్ప పక్కన చిన్న పీట వేసుకుంది.

వలయం తిరుగుతోంది. చప్పట్ల మధ్య జమున ఒక్కో అడుగు వెనకబడి, హారతి మోచేత్తో పొడిస్తే మళ్లీ అందుకుంటోంది. పాట చరణం రాదు, వంత మాత్రం అందరికంటే గట్టిగా అంటోంది. నరహరి కిమ్ నుంచి అప్పుడే వచ్చి, సంచి భుజాన ఉండగానే తల్లి పక్కన నిలబడి, నోరు తెరిచి చూస్తున్నాడు.

డిండోలి వైపు నుంచి చుట్టపుచూపుగా వచ్చినట్టున్న ఒకావిడ చెప్పులు విడుస్తూ వజ్రమ్మ దగ్గర ఆగింది.

"మీ గల్లీ గౌరమ్మ జర వంకరగున్నది గని మస్తు ముద్దుగున్నది. ఎవలు చేసిండ్రు?"

"అగో, ఆ పచ్చచీర పిల్ల."

ఆవిడ ఎడంచేత్తో కళ్లకు గొడుగు పట్టి పరీక్షగా చూసింది. "మనోళ్ల తీరు లేదు. ఏమోళ్లు?"

"మా ఇంటోళ్లు," అంది వజ్రమ్మ.

"గట్ల కాదు వదినా, అంటే అసలు వాళ్లు..."

"జర కాలు తియ్యవ్వా," అంది వజ్రమ్మ. "హారతి చెప్పు తొక్కుతున్నవ్. తెగిందంటే నన్ను తిడతది."